కిలోమీటరుకు 10 వేలు: ఇండొనేషియా కుర్రకారు ట్రెండ్ల వెనక లెక్కలు

2024 జులైలో ఇండొనేషియా సోషల్ మీడియాలో ఒక వింత పని గురించి గోల మొదలైంది. పరుగు లెక్కగట్టే స్ట్రావా యాప్‌లో మీ అకౌంట్ ఒక కుర్రాడికి అప్పగిస్తే, మీ బదులు వాడు పరుగెత్తి పెడతాడు. నింపాదిగా అయితే కిలోమీటరుకు 5 వేల రుపియాలు, గట్టిగా పరుగెత్తాలంటే 10 వేలు. మన రూపాయికి సుమారు 185 రుపియాలు కాబట్టి 10 వేలంటే 54 రూపాయల లెక్క. మీరు మంచం దిగక్కర్లేదు, మీ పేరు మీద పది కిలోమీటర్ల మ్యాపు ఇన్‌స్టాగ్రామ్‌లో పడుతుంది.

డబ్బిచ్చి మరీ పరుగెత్తించుకునేవాడిని చూసి అందరూ నవ్వారు. నాకు మాత్రం ఆ పరుగెత్తే కుర్రాడి సంగతే ఎక్కువ ఆసక్తి. ఒకరి బదులు పని చేసిపెట్టేవాడిని అక్కడ జోకీ అంటారు. ఇది నిన్నటి వృత్తి కాదు. రద్దీ వేళల్లో కారులో ముగ్గురుంటేనే జకార్తా పెద్ద రోడ్ల మీదికి రానిచ్చే రూలు 2016 దాకా ఉండేది. ఆ రోజుల్లో రోడ్డు పక్కన నిలబడి, ఒంటరిగా వచ్చే కారులో లెక్క సరిపెట్టడానికి ఎక్కి డబ్బు తీసుకునే జోకీలు ఉండేవారు. మొబైల్ గేముల్లో ర్యాంకు పెంచిపెట్టే జోకీలున్నారు, డిగ్రీ చివర థీసిస్ రాసిపెట్టే జోకీలూ ఉన్నారు. ట్రెండ్ ఏదైనా రానీ, దాని పక్కనే దానిమీద బతికే కుర్రాడు ఒకడు తయారవుతాడు.

ఇండొనేషియా యువత గురించి బయట వచ్చే రాతలు రెండు రకాలు. ఒకటి వ్యాపార పత్రికల ధోరణి: కోట్ల మంది యువ వినియోగదారులు, చేతిలో ఫోను, కొనడానికి సిద్ధం. రెండోది పెద్దల ధోరణి: కాఫీలకీ కచేరీలకీ డబ్బు తగలేసే తరం, ఫోజులే తప్ప పొదుపు తెలియదు. రెండూ ఖర్చునే చూస్తాయి, ఆదాయాన్ని చూడవు. ఆదాయం వైపు నుంచి చూడటం మొదలుపెడితే అక్కడి ట్రెండ్లు చాలావరకు వేరేగా కనిపిస్తాయి. తక్కువ డబ్బుతో ఊళ్లో తమకంటూ కాస్త చోటు, నలుగురి కంటిలో కాస్త గుర్తింపు సంపాదించుకునే ఉపాయాలు అవి.

మన తెలుగువాళ్లకు ఇండొనేషియా అంటే బాలి, హనీమూన్ ఫోటోలు. ఆ కుర్రకారుకు అసలు రంగస్థలమైన టిక్‌టాక్‌ను మన దేశంలో 2020 జూన్‌లో నిషేధించడంతో అక్కడి సందడి మనదాకా వచ్చే దారి కూడా సగం మూసుకుపోయింది.

ముందు జీతాల సంగతి

2020 జనాభా లెక్కల ప్రకారం ఇండొనేషియా జనాభా 27 కోట్ల పైచిలుకు. అందులో 1997కీ 2012కీ మధ్య పుట్టినవాళ్లు 27.94 శాతం, వాళ్లకు ముందు తరం, అంటే 1981 నుంచి 1996 దాకా పుట్టినవాళ్లు, 25.87 శాతం. సగానికి పైగా దేశం వీళ్లదే. అయితే ఈ గుంపును ఒకే గాటన కట్టడం కుదరదు. 2025లో జకార్తాలో నెలకు కనీస వేతనం 53,96,761 రుపియాలు, అంటే మన 29 వేల రూపాయల చుట్టుపక్కల. విద్యార్థుల నగరంగా పేరున్న యోగ్యకర్తా ప్రాంతంలో అదే వేతనం 22,64,080 రుపియాలు, 12 వేల రూపాయలు దాటి కొంచెం. ఒకే ఫోను, ఒకే రీలు, ఒకే బూట్ల మీద మోజు. జీతం మాత్రం సగం కంటే తక్కువ.

పైగా ఆ కనీస వేతనం కాగితం మీద ఉద్యోగం ఉన్నవాళ్లకు. పనిచేసేవాళ్లలో ఇంచుమించు 59 శాతం మంది అసంఘటిత రంగంలోనే ఉన్నారు. బైక్ టాక్సీ నడపడం, బండి మీద తిండి అమ్మడం, ఆన్‌లైన్‌లో బట్టలు అమ్మడం, ఇలాంటివి. 15 నుంచి 24 ఏళ్ల మధ్య వయసులో చదువూ ఉద్యోగమూ శిక్షణా ఏదీ లేనివాళ్లు 99 లక్షల మంది అని ప్రభుత్వ గణాంక సంస్థ 2023లో తేల్చింది. వీళ్లలో ఇంటిపనికి పరిమితమైన ఆడపిల్లలే ఎక్కువ. అదే సంస్థ లెక్క ప్రకారం 2019లో 5.73 కోట్లున్న మధ్యతరగతి 2024 నాటికి 4.78 కోట్లకు తగ్గింది. ఐదేళ్లలో 95 లక్షల మంది మధ్యతరగతి మెట్టు దిగిపోయారన్నమాట.

2025 జులైలో అక్కడి పేపర్లనిండా 'రోజాలీ' అనే పేరు కనిపించింది. గుంపుగా మాల్‌కి వచ్చి, ఏసీలో తిరిగి, ఫోటోలు దిగి, ఏమీ కొనకుండా వెళ్లేవాళ్లకు సరదాగా పెట్టిన పొట్టి పేరు అది. ధరలు అడిగి వెళ్లిపోయేవాళ్లకు 'రొహానా' అని ఇంకో పేరు. మాల్ యజమానుల సంఘం దీనిమీద మాట్లాడింది, మంత్రులు మాట్లాడారు, ఆర్థికవేత్తలు కొనుగోలు శక్తి గురించి వాదించుకున్నారు. మాల్‌లో జనం కిటకిటలాడుతుంటే దేశం బాగుందని ఎలా అంటారో నాకు ముందునుంచీ అర్థం కాదు. నీడా చల్లదనమూ ఉచితంగా దొరికే చోటు జకార్తాలో వేరే ఎక్కడుంది? పార్కులు తక్కువ, ఫుట్‌పాత్‌లు తక్కువ, అద్దె గదులు అగ్గిపెట్టెలంత.

కూర్చోవడానికి కట్టే అద్దె

అందుకే కాఫీ దగ్గర కాస్త ఆగాలి. పనేమీ లేకుండా నలుగురు చేరి గంటల తరబడి కూర్చోవడాన్ని అక్కడ నొంగ్‌క్రొంగ్ అంటారు. మన రచ్చబండ కబుర్లలాంటిదే, కాకపోతే వయసు తక్కువ. ఇది ఈ తరం కనిపెట్టింది కాదు. వీళ్ల తాతలూ రోడ్డు పక్క కొట్ల దగ్గర ఇలాగే కూర్చున్నారు. కొత్తగా వచ్చింది కూర్చునే చోటి ధర.

అడుగున ఉన్నది సైకిల్ కాఫీ. జకార్తా ఆఫీసు వీధుల్లో సాయంత్రం పూట కనిపించే దృశ్యం: సైకిల్ వెనక ప్లాస్టిక్ పెట్టె, అందులో రెండు మూడు వేడినీళ్ల ఫ్లాస్కులు, ఐసు ముక్కల డబ్బా. హ్యాండిల్ నుంచి సీటు దాకా తోరణాల్లా వేలాడే కాఫీ పొడి సాషేలు. మీరు సాషే చూపిస్తే అమ్మేవాడు చించి, ప్లాస్టిక్ గ్లాసులో పోసి, ఆ ఖాళీ సాషేతోనే కలిపి ఇస్తాడు. ధర 5 వేల రుపియాల చుట్టూ, మన 27 రూపాయలు. స్టార్‌బక్స్‌ను ఆటపట్టిస్తూ వీళ్లకు స్టార్లింగ్ అని పేరు పెట్టారు, అంటే తిరుగుడు స్టార్‌బక్స్. అమ్మేవాళ్లలో చాలామంది మదురా దీవి నుంచి వలస వచ్చినవాళ్లు.

పైన ఉన్నది అసలు స్టార్‌బక్స్. ఈ రెంటి మధ్యా ఖాళీగా ఉన్న మెట్టు మీద 2015 తర్వాత ఒక పరిశ్రమే లేచింది. దక్షిణ జకార్తాలోని చిపెతెలో ఆ ఏడాది మొదలైన టుకు అనే చిన్న కొట్టు, ఆరెన్ అనే తాటి జాతి చెట్టు నుంచి తీసే బెల్లం వేసిన ఐస్ పాల కాఫీని 18 వేల రుపియాలకు అమ్మింది. అమెరికా ఫ్రాంచైజీలో కప్పు ధరకు సగం కూడా కాదు. 2017లో అప్పటి అధ్యక్షుడు జోకోవి కుటుంబంతో వచ్చి తాగడంతో ఆ కొట్టు పేరు దేశమంతా తెలిసింది. అదే ఏడాది మొదలైన కోపీ కెనాంగన్ నాలుగేళ్లలో, 2021 డిసెంబరుకల్లా, వంద కోట్ల డాలర్ల విలువ దాటిన కంపెనీగా ఎదిగింది. కూర్చోవడానికి చోటే లేని చిన్న కౌంటర్లు, యాప్‌లో ఆర్డరు, బైక్ మీద డెలివరీ. అద్దె ఖర్చు తగ్గింది కాబట్టే కాఫీ ధర తగ్గించగలిగారు.

ఈ మూడు మెట్ల మధ్య కుర్రకారు రోజూ తిరుగుతూనే ఉంటారు. జీతం పడ్డ వారం ఏసీ కేఫ్, నెలాఖరుకు సైకిల్ కాఫీ. ఒకడే మనిషి, నెలలో తేదీ మారితే 'లైఫ్‌స్టైల్' మారిపోతుంది. కేఫ్‌లో ఒక్క కప్పు పెట్టుకుని నాలుగు గంటలు కూర్చున్నవాడిని చూసి 'దుబారా' అనేవాళ్లు, గంటకు ఇంత అని లెక్కేస్తే వాడు వై-ఫైకీ కుర్చీకీ అద్దె కడుతున్నాడని గ్రహిస్తారు. ఆ కప్పు కాఫీ ఆ అద్దెకు రసీదు.

యోగ్యకర్తాలో ఇంకో పద్ధతి. అంగ్‌క్రింగన్ అనే తోపుడు బండి చుట్టూ బల్లలు, పైన టార్పాలిన్. పిల్లి తినేంత అన్నం అని వేళాకోళంగా పిలిచే చిన్న పొట్లం, అందులో గుప్పెడు అన్నం, కొంచెం కారం, వేలెడు చేప. తుగు రైల్వే స్టేషన్ పక్కనైతే మండుతున్న బొగ్గును గ్లాసు కాఫీలో వేసి 'జొస్స్' మనిపించి ఇస్తారు. పేద విద్యార్థి ఆకలి తీర్చే ఈ బండే ఇప్పుడు జకార్తా కేఫ్‌లలో 'థీమ్' అయింది, ధర మూడు రెట్లు. ఏం చేస్తాం.

రైలు టికెట్టుతో ఫ్యాషన్ షో

2022లో జకార్తా నడిబొడ్డున దుకుహ్ అతాస్ దగ్గర జరిగింది చూస్తే ఈ లెక్కంతా ఒకేచోట దొరుకుతుంది. చుట్టూ సుదిర్మన్ రోడ్డు అద్దాల మేడలు, పక్కనే లోకల్ రైలు స్టేషన్, 2019లో వచ్చిన మెట్రో స్టేషన్, మధ్యలో నడవడానికి వీలైన కొత్త ఫుట్‌పాత్‌లు. ఊరి అంచుల్లోని చితాయం, బొజొంగ్ గెదె, దెపొక్ లాంటి చోట్ల నుంచి టీనేజీ పిల్లలు రైలెక్కి ఇక్కడికి రావడం మొదలుపెట్టారు. రైలు చార్జీ మొదటి 25 కిలోమీటర్లకు 3 వేల రుపియాలు, అంటే 16 రూపాయలు, ఆపైన ప్రతి 10 కిలోమీటర్లకు ఇంకో వెయ్యి. ఆ డబ్బుకు మహానగరంలో దొరికే వినోదం ఇంకోటి లేదు.

వచ్చినవాళ్లు ఊరికే కూర్చోలేదు. వదులు ప్యాంట్లు, రంగు రంగుల జుట్టు, పాత బట్టల బజారులో ఏరుకున్న జాకెట్లు. వీడియోలు తీసేవాళ్లు మైకు పట్టుకుని 'నీ డ్రెస్సు మొత్తం ఖరీదెంత?' అని అడిగేవారు. పిల్లలు చొక్కా ఇంత, బూట్లు ఇంత అని ఒక్కొక్కటీ విప్పి చెప్పేవారు. బ్రాండు వేసుకున్నవాడు గొప్ప చెప్పుకోవడం ఎక్కడైనా ఉన్నదే. ఎంత చవగ్గా తయారయ్యానో చెప్పి గొప్పపడటం మాత్రం ఇక్కడి ప్రత్యేకత. ఆ తర్వాత జీబ్రా క్రాసింగే ర్యాంప్ అయింది. సిగ్నల్ పడగానే ఇటునుంచి అటు మోడళ్లలా నడక. చితాయం ఫ్యాషన్ వీక్ అని పేరు పడింది. సుదిర్మన్ వ్యాపార కేంద్రాన్ని అందరూ పొట్టిగా ఎస్‌సీబీడీ అంటారు. ఆ అక్షరాలకే 'సుదిర్మన్, చితాయం, బొజొంగ్ గెదె, దెపొక్' అని పిల్లలు కొత్త అర్థం చెప్పారు. ఊరి ఖరీదైన చిరునామాను తమ శివారు పేర్లతో నింపేశారు.

తర్వాత జరిగిన కథ ఊహించదగ్గదే. సినీతారలు వచ్చి నడిచారు, అప్పటి జకార్తా గవర్నర్ అనీస్ బస్వెదన్ వచ్చి నడిచాడు, పేరున్న మోడళ్లు వచ్చారు. జులైలోనే నటుడు బైమ్ వాంగ్ కంపెనీ 'చితాయం ఫ్యాషన్ వీక్' పేరును ట్రేడ్‌మార్క్‌గా నమోదు చేసుకోవడానికి దరఖాస్తు పెట్టింది. పేద పిల్లల ఆటను కబ్జా చేస్తున్నారని జనం దుమ్మెత్తి పోశారు. పశ్చిమ జావా గవర్నర్ రిద్వాన్ కామిల్ కూడా వెనక్కి తీసుకోమని బహిరంగంగా కోరాడు. కొద్ది రోజుల్లోనే దరఖాస్తు వెనక్కి వెళ్లింది. ఈలోగా ట్రాఫిక్ ఆగిపోతోందని, చెత్త పేరుకుపోతోందని, చివరి రైలు తప్పిన పిల్లలు ఫుట్‌పాత్ మీదే పడుకుంటున్నారని ఫిర్యాదులు. నెలాఖరుకల్లా జీబ్రా క్రాసింగ్ మీద నడకను అధికారులు ఆపించేశారు.

చాలామంది దీన్ని రెండు నెలల వైరల్ ముచ్చటగా కొట్టేస్తారు. నాకు అలా అనిపించదు. చవక రైలు, నడవగలిగే ఫుట్‌పాత్ ఒకచోట కలిస్తే పిల్లలు ఏం చేస్తారో అది చూపించింది. నగర ప్రణాళికలు గీసేవాళ్లు లక్షలు పోసి చేయించే సర్వేలో కూడా ఇంత స్పష్టంగా తెలియదు.

మూటల్లో వచ్చే బట్టలు

ఆ పిల్లల జాకెట్లు వచ్చిన దారి కూడా చూడాలి. జపాన్, కొరియా లాంటి దేశాల్లో వాడి వదిలేసిన బట్టలు పెద్ద పెద్ద మూటలుగా కట్టి ఓడల్లో వస్తాయి. వ్యాపారి మూట విప్పకుండానే కొనాలి, లోపల ఏముందో అదృష్టం. పైన ఉండే నాలుగు మంచి జాకెట్లతో పెట్టుబడి రావాలి, మిగతాది కుప్పగా పోసి అమ్ముకోవాలి. జకార్తాలో పసార్ సెనెన్, బందుంగ్‌లో గెదెబగె బజారు ఇందుకు పేరు మోసినవి. కరోనా తర్వాత ఈ పాత బట్టల వేట 'థ్రిఫ్టింగ్' అనే కొత్త పేరుతో ఫ్యాషన్ అయి కూర్చుంది. ఒకప్పుడు పేదవాళ్లు చాటుగా కొనుక్కున్న చొక్కాను ఇప్పుడు ఇన్‌స్టాగ్రామ్‌లో 'ఒక్కటే పీసు' అని వేలం వేస్తున్నారు.

చిక్కేమిటంటే పాత బట్టల దిగుమతి 2015 నుంచే నిషేధం. నిషేధం ఉన్నా మూటలు ఆగలేదు. 2023 మార్చిలో జోకోవి ఇది దేశీయ బట్టల పరిశ్రమను చంపేస్తోందన్నాడు, వెంటనే వాణిజ్య మంత్రి జుల్కిఫ్లీ హసన్ పెకన్‌బారులో వందల మూటలు కెమెరాల ముందు తగలబెట్టించాడు. పరిశ్రమ కష్టాల్లో ఉన్నమాట నిజమే. సుకోహర్జోలోని బట్టల దిగ్గజం శ్రీటెక్స్ 2024 అక్టోబరులో దివాలా తీసింది, 2025 మార్చి 1న మూతబడింది, 10 వేలకు పైగా కార్మికులు రోడ్డున పడ్డారు. కానీ శ్రీటెక్స్‌ను ముంచింది ప్రధానంగా అప్పులు. చవకగా వచ్చిపడే కొత్త విదేశీ బట్టల పోటీ కూడా మొత్తం పరిశ్రమను నలిపేస్తోంది. వీధిలో పాత జాకెట్ అమ్ముకునే కుర్రాడి మీదికి వెళ్లడం తేలిక, ఓడరేవులో మూట దింపేవాడిని పట్టుకోవడం కష్టం.

దేశీ బ్రాండ్ల మీద మోజు కూడా ఇదే కుర్రకారులో ఉందన్నది మరిచిపోకూడదు. బందుంగ్‌లో 1990ల నుంచే స్కేట్‌బోర్డు, పంక్ సంగీతం ఇష్టపడే కుర్రాళ్లు సొంతంగా టీషర్టులు కుట్టించి 'డిస్ట్రో' అనే చిన్న కొట్లలో అమ్మారు. అదే ఊరి కంపాస్ బూట్ల కోసం తర్వాతి తరం క్యూలు కట్టింది.

గడ్డం, స్కార్ఫ్, విరిగిన గుండె

విదేశీ మోజు పెరిగితే మతం తగ్గుతుందని అనుకుంటాం. ఇండొనేషియాలో ఆ సూత్రం పనిచేయలేదు. అధ్యక్షుడు సుహార్తో కాలంలో ప్రభుత్వ బడుల్లో తలకు జిల్బాబ్ అనే స్కార్ఫ్ కట్టుకోనిచ్చేవారు కాదు, 1991లో గాని అనుమతి రాలేదు. ఆ రోజుల్లో అది తిరుగుబాటు. 2010లో జకార్తాలో 'హిజాబర్స్ కమ్యూనిటీ' పుట్టేసరికి అదే స్కార్ఫ్ రంగులు, పిన్నులు, ట్యుటోరియల్ వీడియోల ఫ్యాషన్ అయింది. డియాన్ పెలాంగి లాంటి డిజైనర్లు తారలయ్యారు. హలాల్ కాస్మెటిక్స్ అమ్మే వార్దా 1995లో చిన్న వ్యాపారంగా మొదలై దేశంలో పెద్ద బ్రాండ్లలో ఒకటైంది.

మగపిల్లల వైపు 'హిజ్రా' అని ఇంకో అల. పాత అలవాట్లు వదిలి దీన్‌లోకి, అంటే మతమార్గంలోకి, రావడం. బందుంగ్‌లో 2015 ప్రాంతంలో మొదలైన ఒక బృందానికి గురువైన హనన్ అత్తకీ ఉన్ని టోపీ, వదులు చొక్కాతో వచ్చి స్కేటర్లతో, బైకర్లతో వాళ్ల భాషలో మాట్లాడేవాడు. మసీదులో వేలమంది, యూట్యూబ్‌లో లక్షలమంది. దీన్ని ఛాందసమని ఒకరు, మార్కెటింగ్ అని ఒకరు అంటారు. రెండూ కొంత నిజమే. కానీ పని దొరకని ఊళ్లో వారానికోసారి పేరుపెట్టి పిలిచే స్నేహితులు, ఖర్చులేని కూర్చునే చోటు ఇంకెవరిచ్చారు అనేది నా ప్రశ్న.

జానపదం కూడా ఇలాగే తిరిగొచ్చింది. దీదీ కెంపొత్ ఒకప్పుడు వీధుల్లో గిటారుతో పాడుకున్న గాయకుడు. జావా భాషలో రైల్వే స్టేషన్లలో, బస్టాండ్లలో విడిపోయిన ప్రేమల గురించి పాడాడు. మూడు దశాబ్దాలు పల్లె పెళ్లిళ్ల పాటగాడిగానే చూశారు. 2019లో ఉన్నట్టుండి ఇరవై ఏళ్ల కుర్రాళ్లు ఆయన కచేరీల్లో బారులు తీరి, పదం పదం కలిపి పాడుతూ, సిగ్గుపడకుండా ఏడ్చారు. ఆయనకు 'గాడ్‌ఫాదర్ ఆఫ్ బ్రోకెన్ హార్ట్' అని బిరుదిచ్చారు. మగాడు ఏడవకూడదన్న మాటను పక్కన పెట్టి ఏడుస్తూనే డాన్సు చేశారు. 2020 ఏప్రిల్‌లో కరోనా సాయం కోసం ఇంట్లోంచి పాడితే 700 కోట్ల రుపియాలకు పైగా విరాళాలొచ్చాయి, మన లెక్కలో ఇంచుమించు నాలుగు కోట్లు. మే 5న, 53 ఏళ్లకే, ఆయన కన్నుమూశాడు. ఇంగ్లీషు కలిపి మాట్లాడే దక్షిణ జకార్తా పిల్లల్ని చూసి 'సొంత భాషలు పోతున్నాయి' అని బాధపడేవాళ్లు ఈ కచేరీలను కూడా లెక్కలో వేసుకోవాలి.

ఫోనే బజారు, ఫోనే ఉచ్చు

2021 జూన్ 9న ఒక బర్గర్ సంస్థ కొరియా బృందం బీటీఎస్ పేరుతో భోజనం అమ్మింది. ఆర్డర్లన్నీ యాప్‌లలోనే. పార్సిల్ కోసం వందల మంది ఆకుపచ్చ జాకెట్ల డ్రైవర్లు గుమిగూడేసరికి జకార్తాలో, ఇంకొన్ని ఊళ్లలో అధికారులు కరోనా నియమాల కింద కొట్లు తాత్కాలికంగా మూయించారు. గంటల తరబడి నిలబడ్డ ఆ డ్రైవర్ల కోసం అభిమానులు చందాలు పోగేసి పంచారు. ఆర్డరు పెట్టిన పిల్లకూ తెచ్చిన కుర్రాడికీ వయసు తేడా పెద్దగా ఉండదు.

ఈ వేదికల మీద బతికేవాళ్లు ఎంతమందో 2023 అక్టోబరు 4న తెలిసొచ్చింది. సోషల్ మీడియాలో నేరుగా అమ్మకాలు కుదరవని ప్రభుత్వం రూలు మార్చడంతో టిక్‌టాక్ షాప్ ఆ రోజు ఆగింది. బజార్లలో పాత వ్యాపారులు సంతోషించారు, ఇంట్లో రింగ్‌లైట్ ముందు కూర్చుని లిప్‌స్టిక్‌లు అమ్మే అమ్మాయిల నోట్లో మట్టి పడింది. డిసెంబరు 12కల్లా, స్థానిక ఆన్‌లైన్ అమ్మకాల సంస్థ టోకోపీడియాలో 75.01 శాతం వాటా కొనే ఒప్పందంతో, అదే షాపు మళ్లీ తెరుచుకుంది.

ఫోను ఆదాయమిచ్చినంత సులువుగా అప్పూ ఇస్తుంది. 'తర్వాత కట్టు' బటన్, నిమిషాల్లో వచ్చే ఆన్‌లైన్ లోను, ఆ లోను తీర్చడానికి ఇంకో లోను. వీటికి తోడు ఆన్‌లైన్ జూదం. 2023లో జూదం లావాదేవీలు 327 లక్షల కోట్ల రుపియాలని ఆర్థిక నేరాల నిఘా సంస్థ లెక్కగట్టింది. అంటే ఇంచుమించు లక్షా 77 వేల కోట్ల రూపాయలు. ఈ భాగాన్ని ఉపాయం అని నేను సమర్థించలేను. కచేరీ టికెట్టుకు చేసిన అప్పు ఒక నెలలో తీరుతుంది, జూదానికి చేసింది ఇంటిమీదికి వస్తుంది.

పైమెట్టున ఉన్నవాళ్ల ట్రెండ్లు వేరు. 2024, 2025ల్లో పాడెల్ అనే రాకెట్ ఆట కోర్టులు జకార్తా అంతా మొలిచాయి. గంట అద్దె లక్షల రుపియాల్లో. 2025లో నగర ప్రభుత్వం దీన్ని వినోదం కింద లెక్కేసి 10 శాతం పన్ను వేసింది. చెమట కారుస్తుంటే వినోదమేమిటని ఆడేవాళ్లు అలిగారు. ఆదివారం ఉదయం కార్లు ఆపేసే సుదిర్మన్ రోడ్డు మీద పరుగెత్తేవాళ్లు ఇంకో వర్గం. వాళ్ల పక్కనే వరసగా కెమెరాలు పట్టుకున్న కుర్రాళ్లు. ఎదురొచ్చినవాడినల్లా ఫోటో తీసి యాప్‌లో పెడతారు. యాప్ మీ ముఖం గుర్తుపట్టి చూపిస్తుంది, నచ్చితే కొనుక్కోవాలి. అడగకుండా ఫోటో తీయొచ్చా అని 2025లో పెద్ద రగడే జరిగింది.

గొప్పలు పోయినవాళ్ల గతి

చవగ్గా తయారై గొప్పపడే తరానికి, అధికారం తాలూకు డబ్బుతో గొప్పపడేవాళ్లంటే ఒళ్లు మంట. 2023 ఫిబ్రవరిలో పన్ను శాఖ అధికారి కొడుకు ఒక టీనేజీ కుర్రాడిని చావబాదాడు. నెటిజన్లు అతని ఖరీదైన జీపు, బైకు వీడియోలు తవ్వి, తండ్రి జీతంతో ఇవెలా వచ్చాయని అడిగారు. అక్కడ మొదలైన విచారణలో తండ్రికి 2024 జనవరిలో 14 ఏళ్ల జైలుశిక్ష పడింది. 2024 ఆగస్టులో జోకోవి చిన్న కొడుకు, కోడలు ప్రైవేటు విమానంలో అమెరికా వెళ్లారు. కోడలు పెట్టిన పోస్టులో 4 లక్షల రుపియాల రొట్టె కనిపించింది. అదే వారం పార్లమెంటు ఆ కొడుక్కు కలిసొచ్చేలా స్థానిక ఎన్నికల చట్టం మార్చబోతోంది. నీలిరంగు మీద దేశ చిహ్నమైన గరుడ బొమ్మతో 'అత్యవసర హెచ్చరిక' అన్న పోస్టరు అందరి ఫోన్లలో తిరిగింది, ఆగస్టు 22న విద్యార్థులు పార్లమెంటును ముట్టడించారు, సవరణ ఆగిపోయింది.

ఈ తరం అమాయకమేమీ కాదు, అలాగని బుట్టలో పడనిదీ కాదు. అదే ఏడాది ఫిబ్రవరి అధ్యక్ష ఎన్నికల్లో ఓటర్లలో 56 శాతం 1980లోనో ఆ తర్వాతో పుట్టినవాళ్లు. 72 ఏళ్ల మాజీ సైనికాధికారి ప్రబోవో టిక్‌టాక్‌లో ముద్దొచ్చే తాతలా డాన్సు చేసి 58 శాతానికి పైగా ఓట్లు తెచ్చుకున్నాడు.

2025 ఆగస్టులో ఎంపీలకు నెలకు 5 కోట్ల రుపియాల ఇంటి భత్యం బయటపడింది. జకార్తా కనీస వేతనానికి తొమ్మిది రెట్ల పైమాట. 25న నిరసనలు మొదలయ్యాయి. 28 రాత్రి పోలీసు కవచ వాహనం కింద పడి 21 ఏళ్ల బైక్ టాక్సీ డ్రైవర్ చనిపోయాడు. దేశం భగ్గుమంది. అందరి ప్రొఫైల్ ఫోటోలూ రెండు రంగులకు మారాయి: పోలీసుల ముందు నిలబడ్డ ఒక మహిళ స్కార్ఫ్ గులాబీ రంగు, డ్రైవర్ల జాకెట్ ఆకుపచ్చ. సెప్టెంబరు మొదటి వారంలో పార్లమెంటు ఆ భత్యాన్ని రద్దు చేసింది.

మిగతా లెక్కలు అంత తొందరగా మారేవి కావు. పెళ్లిళ్లే చూడండి. 2018లో 20 లక్షలున్నవి 2024లో 14.78 లక్షలకు పడిపోయాయి. 2025 ఫిబ్రవరిలో 'ముందు పారిపోదాం' అనే హ్యాష్‌ట్యాగ్ కింద జపాన్‌లో, జర్మనీలో, ఆస్ట్రేలియాలో పని ఎలా దొరుకుతుంది, వీసాకు ఏం కావాలి, ఏ పరీక్ష రాయాలి అనే వివరాలు కుర్రకారు ఒకరికొకరు చెప్పుకున్నారు. పారిపోవాలంటే పోండి, కావాలంటే తిరిగి రావద్దు అన్న ధోరణిలో మాట్లాడాడు కార్మిక శాఖ ఉపమంత్రి ఇమ్మానుయేల్ ఎబెనెజర్. ఆరు నెలలకు, ఆగస్టు 20న, కార్మికుల భద్రతా సర్టిఫికెట్ల పేరిట కంపెనీల దగ్గర డబ్బు గుంజారన్న కేసులో అవినీతి నిరోధక కమిషన్ ఆయన్ని పట్టుకుంది. రెండు రోజులకు పదవి పోయింది.